లోపలి గదిలోని చేతులు

ప్రొద్దుటూరు, చేవెళ్ల, మొయినాబాద్ వైపు నుంచి సంతానం కోసం హైదరాబాద్ ఆసుపత్రులకు వెళ్లే దంపతులకు డాక్టరమ్మ తెలుసు, నర్సమ్మ తెలుసు. లోపలి గదిలో పనిచేసే ఎంబ్రియాలజిస్టు మాత్రం కనబడరు.

ఆ గదిలోకి అత్తరు వాసన కూడా రానివ్వరు. ఇంక్యుబేటర్‌లో 37 డిగ్రీల వేడి. అండం, వీర్యకణం కలిసిన 16-18 గంటలకు మైక్రోస్కోపులో రెండు కేంద్రకాలు పక్కపక్కనే కనబడాలి. మూడో రోజుకు సుమారు ఎనిమిది కణాలు, ఐదో రోజుకు నీరు నిండిన బ్లాస్టోసిస్ట్. అందులో ఓ పక్కకు చేరిన కణాల ముద్ద బిడ్డవుతుంది, చుట్టూ ఉన్న పలచని వరుస మాయ (ప్లాసెంటా) అవుతుంది. ఆ పిండాన్ని సన్నటి గొట్టంలోకి తీసి డాక్టరుకు అందించేదాకా చెయ్యి వణకకూడదు. ఆపై పొర చీల్చుకుని గర్భాశయపు గోడను పట్టుకోవడం పిండం వంతు.

1978లో ఇంగ్లండ్‌లో తొలి టెస్ట్‌ట్యూబ్ బేబీ లూయిస్ బ్రౌన్ పుట్టుక వెనుక జీన్ పర్డీ అనే ఎంబ్రియాలజిస్టు శ్రమ ఉంది. ఆమె పేరు చాలాకాలం మరుగునే ఉండిపోయింది. మన ల్యాబుల్లోని వాళ్లకు ఆ గతి పట్టకూడదు. బిడ్డను ఎత్తుకున్నాక వాళ్లనూ పేరడిగి దండం పెట్టండి.