అనువాదములలో గ్రీకు విషాదరూపకము

పాశ్చాత్య సాహిత్యవిమర్శ మన విశ్వవిద్యాలయములలో పాఠ్యాంశమైన నాటినుండి అరిస్టాటిలు కావ్యశాస్త్రమును గూర్చియు, సోఫోక్లీసు రచించిన ‘ఈడిపసు’ను గూర్చియు కొంతయైన వినని సాహిత్యవిద్యార్థి అరుదు. వానిని గ్రీకుభాషలో చదివినవారు మాత్రము మనలో మిక్కిలి తక్కువ. ఇంగ్లీషు అనువాదమును చదివి, దానిని తెలుగున వివరించుకొని, ఆ వివరణముపై సిద్ధాంతములు నిలుపుట మనకు పరిపాటియైనది. ఇట్టి పఠనమువలన నష్టము కలుగునని సామాన్యముగా వాపోవుట సులభమే. దానివలన పరిశోధకునకు ప్రయోజనము లేదు. ఏ పదమున, ఏ ప్రత్యయమున నష్టము కలుగుచున్నదో చూడవలెను. చూచినచో మనము పోగొట్టుకొనుచున్న వానిలో కొన్ని తెలుగున ముందే యున్నవని తేలును.

మొదట అనువాదమునకు చెల్లవలసినది చెల్లింతము. ఇతివృత్తమే విషాదరూపకమునకు ప్రాణమనియు, ఈడిపసు కథను విన్నమాత్రముననే భయము, కరుణ కలుగుననియు అరిస్టాటిలే చెప్పినాడు. కొరింథునుండి వచ్చిన దూత శుభము చెప్పబోయి అనర్థమును బయలుపఱచుట, గొఱ్ఱెలకాపరి నోరు విప్పుటకు వెనుదీయుట, యొకాస్తా రాజుకంటె ముందుగా నిజమును గ్రహించి లోనికిఁ బోవుట, ఇవి ఏ భాషలో చదివినను నిలుచును. ఇంత నిలిచిన తరువాత మూలభాష యెందులకని అడుగువారున్నారు. చిక్కు శాస్త్రపదముల దగ్గఱ మొదలగును.

కావ్యశాస్త్రము 13వ ప్రకరణమున విషాదనాయకుని పతనమునకు కారణము దుర్మార్గము కాదనియు, ‘హమర్తియా’ యనియు చెప్పబడినది. ఇంగ్లీషు విమర్శకులు పలువురు దీనిని నాయకుని స్వభావమందలి లోపముగా వ్యాఖ్యానించిరి. మనము ఆ వ్యాఖ్యానమును దోషమనియు లోపమనియు తెనిగించుకొంటిమి. అంతట ఈడిపసు నందలి దోషమేమి యను ప్రశ్న పుట్టినది. కోపమని యొకరు, అహంకారమని యొకరు వ్రాయుదురు. కాని ఈడిపసు చెడినది కోపమువలన కాదు. తన తల్లిదండ్రులెవరో ఎఱుగకపోవుటవలన. మూడు త్రోవలు కలియు చోట తన్ను కొట్టిన వృద్ధుని చంపినపుడు ఆతఁడు తన తండ్రియని ఎఱుఁగడు. ‘హమర్తానో’ అను ధాతువునకు హోమరు కావ్యములలో విసరిన యీటె గుఱికి తగులకపోవుట యర్థము. నామవాచకమైన హమర్తియాకు పొరపాటు మొదలు అపరాధము వఱకు వ్యాప్తి కలదు. క్రైస్తవ గ్రంథములలో అది పాపవాచకమైనది.

ఇప్పుడు తెలుగు ‘తప్పు’ను చూడుఁడు. బాణము గుఱి తప్పును, బాటసారి దారి తప్పును, లెక్క తప్పును. అదియే నామమై నిలిచినపుడు తప్పు చేసినాడందుము, తప్పు కట్టుమందుము. గుఱి తొలఁగుటయు అపరాధమును ఒక్క మాటలో ఇమిడియున్నవి. హమర్తియాకు ఇంత సన్నిహితమైన పదము ఇంగ్లీషువారికి లేదు. మనకు ఉండియు, వారి పదమును తెనిగించు తొందరలో మన మాటను విడిచితిమి. తప్పనఁగా నేరమే యని నేటి వాడుకలో తోఁచుట నిజమే. అయినను దోషము మనుష్యునిలో ఉండునది; తప్పు మనుష్యుఁడు చేయునది, లేదా మనుష్యునకు జరుగునది. అరిస్టాటిలు వాక్యమున మనకు కావలసిన భేదమిదియే. ఈ పొరపాటు మనకే పరిమితము కాదు. ఆక్స్‌ఫర్డు విద్యార్థుల పరీక్షాపత్రములలో ఇట్టి వ్రాఁతలను చూచి విసిగిన డాడ్సు పండితుఁడు 1966లో ఈడిపసును అపార్థము చేసికొనుటను గూర్చి ప్రత్యేకవ్యాసమే ప్రకటించెను.

‘విషాదాంతము’ అను మన పరిభాష సైతము ఇట్టిదే. ఈస్కిలసు రచించిన ఓరెస్తేయా రూపకత్రయము (క్రీ.పూ. 458) శాంతితో, ఊరేగింపుతో ముగియును. యూరిపిడీసు ‘హెలెన్’ (క్రీ.పూ. 412) దంపతుల పునస్సమాగమముతో, క్షేమముగా తప్పించుకొనుటతో ముగియును. ఇవియు ఏథెన్సువారికి ‘త్రగోదియా’లే. అంతమునుబట్టి పేరు పెట్టుట వారి పద్ధతి కాదు. అందువలననే మేము ఈ వ్యాసమున విషాదరూపకమని మాత్రమే వాడుచున్నాము. అదియు నిర్దుష్టము కాదు.

శాస్త్రపదముల మాట అట్లుండఁగా, రూపకములలోని పలుకుబడి యింకను సూక్ష్మమైనది. సోఫోక్లీసు ‘ఆంటిగొనీ’ (క్రీ.పూ. 441 ప్రాంతము) ఇద్దఱు అక్కచెల్లెండ్ర సంభాషణముతో మొదలగును. అన్నదమ్ములిద్దఱు ఒకరినొకరు చంపుకొనిరి. పాలినైకీసు శవమును పూడ్చరాదని క్రెయోను రాజు శాసించెను. ఆ శాసనమును ధిక్కరించుటకు ఆంటిగొనీ చెల్లెలిని తోడు రమ్మనును. గ్రీకున, సంస్కృతమందువలె, ద్వివచనము కలదు. బ్రతికియున్న ‘మన యిరువురకు’ అని ఆంటిగొనీ తొలిపలుకులలోనే ద్వివచనమును వాడును. ఇస్మేనీయు మిగిలిన తామిరువురను అట్లే చెప్పును. ఇస్మేనీ వెనుదీసిన పిమ్మట ఆంటిగొనీ నోట తమ యిద్దఱిని కలుపు ద్వివచనము వినరాదు. తరువాత క్రెయోను ఎదుట ఇస్మేనీ ముందుకు వచ్చి, నేరము తమ యిరువురకు సమానమే యని మరల ద్వివచనముననే చెప్పును. అక్క ఆ భాగస్వామ్యమును అంగీకరింపదు. ఒక బంధము తెగుటయు, దానిని మరల ముడివేయఁబోవుటయు ఇక్కడ ఒక్క విభక్తిరూపముచేత వినఁబడుచున్నవి. ఇంగ్లీషు సర్వనామమున ఈ జాడ తెలియదు. దానినుండి తెనిగించువానికిని తెలియదు. తెలుగున ద్వివచనము లేకున్నను, వినువానిని కలుపుకొను ‘మనము’, విడిచిపెట్టు ‘మేము’ కలవు. మూలమెఱిగిన అనువాదకుఁడు ఆంటిగొనీచేత మొదట ‘మన యిద్దఱకు’ అనిపించి, ఇస్మేనీ తిరస్కారము తరువాత ఆ ‘మన’ను ఆమె నోటికి రానీయకుండ చేయవచ్చును.

ఆ సంబోధనలోనే మఱియొక విశేషము. గ్రీకున సోదరునకు ‘అదెల్ఫోస్’ అని పేరు. ‘దెల్ఫుస్’ అనఁగా గర్భము. ముందున్న అకారము మన పండితులు తొందరపడి భావించునట్లు నఞర్థకము కాదు. సంస్కృతపు ‘స’కారమునకు జ్ఞాతి. కావున అదెల్ఫోస్ అక్షరాల ‘సోదర’ శబ్దమే. ఆంటిగొనీ చెల్లెలిని పిలుచుటలో దీనికి ‘స్వయ’మను అర్థముగల పూర్వపదమును చేర్చును. అలంకారముకొఱకు కాదు. ఆ యింట గర్భమే అనర్థము. యొకాస్తా గర్భమున ఈడిపసు పుట్టెను. అతని బిడ్డలును ఆ గర్భముననే పుట్టిరి. తండ్రియు తమకు తోఁబుట్టువే. తరువాత క్రెయోనుతో వాదించునపుడు ఒక్క కడుపున పుట్టినవారిని గౌరవించుట సిగ్గుచేటు కాదని ఆమె చెప్పును. ఆమె ధర్మమును, ఆ వంశపు శాపమును ఒక్క మాటలోనే యున్నవి. ఇంగ్లీషు అనువాదములోని ‘ప్రియసోదరి’ వంటి మాట ఈ పనిని చేయఁజాలదు. తోఁబుట్టువు, ఏకోదర, ఒక్కకడుపువారు మొదలగు మాటలు మనకు సహజముగ కలవు.

అదే రూపకమున మానవుని గూర్చిన బృందగానములోని ‘దెయినోస్’ శబ్దము భయంకరము, అద్భుతము, నేర్పుగలది అను మూఁడర్థములను కలుపుకొనును. అనువాదకులు ఒకదానిని ఏరుకొని తక్కినవానిని వదలుదురు. వక్తృత్వమున ఆరితేరినవానికి గ్రీకులు ఈ శబ్దమునే వాడుదురు, మనము ‘ఉద్దండుఁ’డందుము. ఎత్తిన దండము ఆ మాటలో ఇంకను కనఁబడుచునే యున్నది. గానమునకు అది యంతగా ఒదుగునో లేదో కవులు తేల్చవలెను.

ఛందస్సును గూర్చి ఒక్క మాట. గ్రీకు పద్యము గురులఘువులపై నడచును, ఇంగ్లీషు పద్యమువలె ఊనికపై కాదు. సంభాషణలు పండ్రెండక్షరముల పాదమున, లఘువు వెంట గురువుగా, మన పంచచామరపు నడకకు దగ్గఱగా సాగును. లఘువు రావలసిన కొన్ని తావుల గురువు రావచ్చును. బృందగానములకు వృత్తములు వేఱు, డోరియను ఛాయగల భాష వేఱు. సంస్కృత ప్రాకృతములు కలసిన నాటకములను చదివిన మనకు ఇది వింత కారాదు. గిల్బర్టు మరే తన అనువాదములను ప్రాసలతో కూర్చెను. అవి యూరిపిడీసునకును పాఠకునకును నడుమ గ్రీకుభాషకంటె దాటరాని గోడయని ఎలియట్టు 1920 నాటి విమర్శగ్రంథమున దూషించెను. ఆ మాట కటువైనను మేము తోసిపుచ్చలేము.

పరిశోధకులందఱు గ్రీకుపండితులు కావలెనని మేము కోరుట లేదు. అనువాదమును చదివి కథాసంవిధానమును గూర్చి వ్రాయవచ్చును. పదమును, పలుకుబడిని ఆధారము చేసికొని వాదించువాఁడు మాత్రము ఆ పదమును మూలమున చూడవలెను. అందులకు లిపి 24 అక్షరములే. 1912 నుండి వెలువడుచున్న లోబు గ్రంథమాలలో ఎడమ పుటను మూలము, కుడి పుటను అనువాదము ఉండును. జెబ్బు పండితుఁడు 1883 మొదలు ప్రకటించిన సోఫోక్లీసు సంపుటములలో మూలము, వచనానువాదము, ప్రతిపదవ్యాఖ్య కలవు. మల్లినాథునివెంట కాళిదాసును చదువ నేర్చినవారికి ఆ పద్ధతి క్రొత్త కాదు. ‘ఆంటిగొనీ’ ప్రస్తావన 99 పంక్తులు. సంస్కృతవ్యాకరణము వచ్చిన విద్యార్థులు నలుగురు జెబ్బు వ్యాఖ్యను ముందుంచుకొని ఒక వేసవి సెలవులలో వానిని ముగింపఁగలరు.