ఇద్దరు మేజర్లు, ఒక నటుడు

పీడకుణ్ణి రంగస్థలం మీద ఎలా చూపాలి? మన నాటకాల్లో ఈ ప్రశ్న చాలాసార్లు మీసకట్టుతోనూ వికటాట్టహాసంతోనూ తేలిపోతుంది. దాన్నే నిబద్ధత అనుకునేవారిని హంగెరీ నటుడు జోల్తాన్ లాతినోవిచ్ (1931-1976) చిత్రాలు రెండు చూడమంటాను.

మొదటిది ఆంద్రాష్ కోవాచ్ తీసిన 'చలి రోజులు' (1966). 1942 జనవరిలో హంగెరీ సైన్యం తాను ఆక్రమించుకున్న నోవీసాద్‌లోనూ ఆ చుట్టుపక్కలా వేలాది సెర్బులను, యూదులను చంపింది. డాన్యూబు మీది మంచు పగలగొట్టి శవాలను నీళ్ళలోకి తోసింది. సినిమాలో 1946 నాటికి ఆ సైన్యానికి చెందిన నలుగురు ఒకే జైలుగదిలో విచారణకోసం ఎదురుచూస్తుంటారు. అందులో మేజర్ బ్యూకీ లాతినోవిచ్. పెద్దమనిషి, మర్యాదస్తుడు, తాను నిర్దోషినని నిజంగా నమ్మినవాడు. పైగా ఆ మారణకాండలోనే భార్యను పోగొట్టుకున్నాడు. మొదటిసారి చూసినప్పుడు, హంతకుడికి ఇంత సానుభూతి ఎందుకని నేను విసుక్కున్నాను. నా పొరపాటే. అతనిమీద కలిగిన జాలి కాసేపటికి మన గొంతుకే అడ్డం పడుతుంది. అట్టహాసం చేసే విలన్ ప్రేక్షకుణ్ణి ఇంత ఇబ్బంది పెట్టలేడు.

రెండో మేజరు ఇష్త్వాన్ ఎర్కేన్ నాటకం 'తోత్ కుటుంబం'లోనివాడు. బుడాపెస్ట్‌లోని థాలియా నాటకశాలలో 1967లో లాతినోవిచ్ ఆ పాత్ర వేశాడు. 1969లో జోల్తాన్ ఫాబ్రి తీసిన సినిమాలోనూ అతనే. యుద్ధరంగంలో నరాలు చెడిన మేజరు సెలవుమీద ఒక పల్లెటూరి ఇంటికి వస్తాడు. ఆ ఇంటి కొడుకు అతని కింద సైనికుడు. కొడుకు క్షేమంకోసం ఇంటిల్లిపాదీ రాత్రంతా మేలుకొని మేజరుతోపాటు అట్టపెట్టెలు మడుస్తారు. కొడుకు అప్పటికే చచ్చిపోయాడు. ఆ కబురు పోస్ట్‌మన్ దాచేశాడు. ఇక్కడ నటుడు హాస్యానికి ప్రయత్నించడు. పెట్టెలపని లోకంలోకెల్లా ముఖ్యమైన పనన్నట్టు ఉంటాడు. మనం నవ్వుతాం. అధికారానికి లొంగడం ఎంత చిన్న పనితో మొదలవుతుందో ఆ నవ్వులోనే తెలుస్తుంది.

లాతినోవిచ్ చదివింది భవననిర్మాణ శాస్త్రం. 1956లో దెబ్రెత్సెన్ నాటకశాలలో చేరాడు. తర్వాత మిష్కోల్త్స్, బుడాపెస్ట్. యాంచో చిత్రాల్లో వేశాడు. హుసారిక్ 'సింద్‌బాద్' (1971)లో ముసలితనం మీదపడుతున్న విలాసపురుషుడు. ఈ చివరిదాన్ని మనవాళ్ళు క్షీణసంస్కృతి అని తోసెయ్యవచ్చు. నేను తోసెయ్యను.

మన పత్రికల్లో దాటవేసే విషయం ఒకటుంది. ఈ నటుడికి 1966లో బేలా బాలాజ్ బహుమతి ఇచ్చిన సోషలిస్టు రాజ్యం, అతను కోరుకున్న రంగస్థలం మాత్రం ఇవ్వలేదు. దర్శకత్వం చెయ్యాలని, తన బృందాన్ని తానే నడపాలని తపించాడు. వెస్‌ప్రేమ్‌లో కొంత ప్రయత్నించాడు, సాగలేదు. తన ఆలోచనలు 1973లో 'పొగమంచును పొడిచేవాడు' అనే పుస్తకంగా వేశాడు. కోపిష్ఠి, ఎవరితోనూ పొసగనివాడు అన్నారు. కావచ్చు. కోపం లేనివాళ్ళకే నాటకశాలలు అప్పగించే వ్యవస్థను అభ్యుదయవాదులమైన మనం సమర్థించాలా? అతనికి కొషూత్ బహుమతి 1990లో, మరణానంతరం వచ్చింది.

1976 జూన్ 4న బాలతోన్‌సెమెష్‌లో రైలుకింద పడి పోయాడు. ప్రమాదమా, ఆత్మహత్యా అన్న వాదం తెగలేదు. ఆ సరస్సు ఒడ్డునే, 1937లో, కవి అత్తిలా యోజెఫ్ కూడా రైలుకిందే పోయాడు. ఈ పోలికతో పురాణం అల్లినవాళ్ళున్నారు. నాకు ఆ పురాణం అక్కర్లేదు. యోజెఫ్ కవితలను, ఆడీ కవితలను లాతినోవిచ్ చదివిన రికార్డులు ఉన్నాయి. భాష రాకపోయినా వినండి. ఎక్కడా పాడడు, ఎక్కడా ఏడవడు; ఒక్కొక్క మాటను తూచి ముందు పెడతాడు.