పాతాళపు నీటికి పద్దు

రాతి పగుళ్లలో కంటికి కనపడక కదిలే నీటిని లెక్కకు తెచ్చే విద్య కనిగిరి వంటి మెట్టసీమకు ప్రాణాధారం. ఉమ్మడి ప్రకాశం సహా ఏడు జిల్లాల్లో రైతుల భూగర్భ జల యాజమాన్య పథకం కింద ఈ విద్యను అభ్యసించిన సేద్యగాళ్ల ఓర్పు నిజంగా మెచ్చదగినది. పరిశీలన బోరులోకి టేపును మెల్లగా దించగా, దాని కొనన ఉన్న లోహపు మొన నీటిని తాకి విద్యుత్ వలయం పూర్తి కాగానే పైన శబ్దం మోగుతుంది. ఆ క్షణాన బోరు అంచు వద్ద కనపడే అంకెయే నీటిమట్టం, అనగా ఆ అంచు నుండి నీటి వరకు గల లోతు. డ్రమ్ము నిండేందుకు పట్టిన సెకన్లను బట్టి మోటారు తోడే నీటిని, వానమాపకంతో కురిసిన వానను పుస్తకానికెక్కించి, రబీకి ముందు ఊరివారంతా కూర్చుని, నేలలో ఉన్న నీటితో వేయదలచిన పైర్ల అవసరాన్ని సరిపోల్చే ‘పంట నీటి బడ్జెట్’ వేసేవారు. వరిమడి తగ్గించి శనగ చల్లాలన్న నిర్ణయం ఎవరి ఆజ్ఞా లేకుండా, తమ చేత్తో రాసుకున్న ఆ అంకెల నుండే పుట్టేది.