రెండు సెంటీమీటర్ల దూరం

2017 జూలైలో బుడాపెస్ట్‌లో ప్రపంచ ఈత పోటీలు జరిగాయి. మహిళల 50 మీటర్ల బటర్‌ఫ్లై ఫైనల్ అరనిమిషం కూడా పట్టలేదు. స్వీడన్ అమ్మాయి సారా షోస్ట్రోమ్ 24.60 సెకన్లలో గోడ తాకి, అందరినీ వెనక్కి నెట్టి బంగారు పతకం పట్టుకుపోయింది. అసలు పోటీ ఆమె వెనక జరిగింది. నెదర్లాండ్స్‌కు చెందిన రనోమి క్రోమోవిజోయో 25.38, ఈజిప్టుకు చెందిన ఫరీదా ఉస్మాన్ 25.39. ఇద్దరికీ తేడా సెకనులో వందో వంతు. ఆ వేగంలో వందో వంతు సెకను అంటే నీళ్లలో రెండు సెంటీమీటర్లు, చూపుడు వేలి మీద ఒక్క కణుపంత. రజతం ఆ కణుపంత దూరంలో చేజారింది. అయినా ప్రపంచ ఛాంపియన్‌షిప్ ఈతకొలనులో ఈజిప్టుకు దక్కిన మొదటి పతకం అదే.

జెర్సీ సిటీలో ఉండే తెలుగువాళ్లకు ఈజిప్టు మరీ దూరదేశమేమీ కాదు. గోంగూరకో కరివేపాకుకో మనం జర్నల్ స్క్వేర్ పక్కన నూవర్క్ అవెన్యూకి వెళ్తాం. అక్కణ్నుంచి కాస్త దూరంలోనే, వెస్ట్ సైడ్ అవెన్యూలో సెయింట్ మార్క్ కాప్టిక్ చర్చి ఉంది. ఈజిప్టు క్రైస్తవులు అమెరికాలో నిలబెట్టుకున్న తొలి చర్చిగా దానికి పేరు. ఆ చుట్టుపక్కల కొట్ల మీద అరబిక్ అక్షరాలు కనిపిస్తాయి. మన పిల్లలూ వాళ్ల పిల్లలూ ఒకే బడికి వెళ్తారు, చాలాచోట్ల ఒకే కొలనులో ఒకే లేన్‌లో ఒకరి వెనక ఒకరు ఈదుతారు. గట్టు మీద బెంచీల మీద కూర్చునే తల్లిదండ్రుల్లో సగం మందికి ఆ నీళ్లలో ఏం జరుగుతోందో తెలియదు. ఈ వ్యాసం ముఖ్యంగా వాళ్ల కోసమే. పొట్టి దూరపు ఈత అంటే కండబలమూ కుర్రతనమూ ఉంటే చాలని అనుకుంటారు. కానీ అది తరతరాలుగా పోగుపడ్డ నేర్పు. ఫరీదా ఈత జీవితాన్ని మొదటినుంచీ చూస్తే ఆ సంగతి తేటగా కనిపిస్తుంది.

ఈతలో ఈజిప్టుకు పేరు తెచ్చింది మొదట్లో పొట్టి దూరాలు కావు. 1928లో ఇషాక్ హెల్మీ ఇంగ్లిష్ ఛానెల్ ఈది, ఆ పని చేసిన తొలి ఈజిప్షియన్ అయ్యాడు. 1950లో ఒక బ్రిటిష్ పత్రిక అదే ఛానెల్‌లో పెట్టిన పోటీని హసన్ అబ్దుల్ రహీం గెలిచాడు. ఆ తరవాత వచ్చాడు అలెగ్జాండ్రియా గజ ఈతగాడు అబ్దుల్ లతీఫ్ అబూ హీఫ్. నైలు మొసలి అని జనం పిలుచుకున్నారు. 1963లో అమెరికాలోని మిషిగన్ సరస్సులో 60 మైళ్ల పోటీని ముప్ఫై నాలుగు గంటలకు పైగా నీళ్లలోనే ఉండి గెలిచాడు. రాత్రంతా, మళ్లీ పగలంతా బారలు వేస్తూనే ఉన్నాడన్నమాట.

మన దగ్గరా ఇంతే. 2021లో హైదరాబాద్‌కు చెందిన గోలి శ్యామల శ్రీలంక నుంచి ధనుష్కోడి దాకా పాక్ జలసంధి ఈదితే పత్రికలన్నీ రాశాయి. విజయవాడ పోలీసు తులసీ చైతన్య సముద్రపు ఈతలు మనకు తెలిసినవే. తెలుగు ఊళ్లలో ఈత అంటే నడుముకి ఎండు సొరకాయ బుర్ర కట్టి బావిలోకి దింపడం, కాలవకి అడ్డంపడి అవతలి గట్టు చేరడం. వాటిలో ధైర్యం ఉంది, ఊపిరి పట్టడం ఉంది, ప్రవాహాన్ని చదవడం ఉంది. కానీ నదీ బావీ నేర్పలేనిది ఒకటుంది. స్ప్రింట్, అంటే పొట్టి దూరపు ఈత, పుట్టాలంటే కొలిచి కట్టిన గోడ కావాలి, కదలని నీళ్లు కావాలి, వందో వంతు చెప్పే గడియారం కావాలి. అవి లేనిచోట ఎంత గజ ఈతగాడికైనా తన తప్పు ఎక్కడుందో కనిపించదు. హైదరాబాద్‌లో గచ్చిబౌలి ఈతకొలను 2002 జాతీయ క్రీడల కోసం వచ్చింది, అంటే మనకు ఆ గోడ దొరికి ఎంతో కాలం కాలేదు. దేశం మొత్తానికీ ఇదే పరిస్థితి. 2010 గ్వాంగ్‌జౌ ఆసియా క్రీడల్లో వీర్‌ధవల్ ఖాడే కాంస్యం తెచ్చాడు. అంతకుముందు భారత్‌కి ఆసియా క్రీడల ఈతలో పతకం వచ్చి ఇరవై నాలుగేళ్లయింది. ఖాడే గెలిచిన పోటీ కూడా ఈ 50 మీటర్ల బటర్‌ఫ్లైయే.

ఈ బటర్‌ఫ్లై పుట్టింది మన జెర్సీ సిటీకి నది అవతలే. 1933 డిసెంబర్‌లో బ్రూక్లిన్‌లోని వైఎంసీఏ కొలనులో హెన్రీ మయర్స్ అనే కుర్రాడు బ్రెస్ట్‌స్ట్రోక్ పోటీలో దిగి, చేతులు నీళ్ల కింద కాకుండా పైనుంచి రెక్కల్లా విసిరాడు. నిబంధనల్లో వద్దని ఎక్కడా లేదు. నీటి పైన చేతికి తగిలేది గాలే గనక వేగం పెరిగింది. మరో రెండేళ్లకి అయోవా విశ్వవిద్యాలయంలో శిక్షకుడు డేవిడ్ ఆర్మ్‌బ్రస్టర్, ఆయన శిష్యుడు జాక్ సీగ్ కలిసి రెండు కాళ్లూ జతగా తోకలా ఆడించే పద్ధతి తయారుచేశారు. చేతులు ఒకచోట, కాళ్లు ఇంకోచోట పుట్టిన ఈ ఈత 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో మొదటిసారి సొంత పోటీగా నిలబడింది.

ఇక నేర్పు సంగతి. నీరు గాలికంటే దాదాపు ఎనిమిది వందల రెట్లు చిక్కన. వేగం రెట్టింపైతే నీరు అడ్డే బలం నాలుగు రెట్లవుతుంది. కాబట్టి ఇంకా గట్టిగా కొడదామనుకున్నవాడి శ్రమ చాలా వరకు నీళ్ల పాలే. స్ప్రింటర్ చేసే పనిలో ఎక్కువ భాగం అడ్డు తగ్గించుకోవడమే. స్విమ్మర్‌కు అత్యధిక వేగం ఉండేది దూకిన క్షణంలో, ఇంకా నీళ్లను తాకకముందే. అక్కణ్నుంచి అంతా తరుగుదలే. ఆ తరుగుదలను ఎవరు ఎంత ఆలస్యం చేస్తారన్నదే పోటీ.

దూకే దిమ్మ వెనక వాలుగా ఒక పలక ఉంటుంది. వెనక కాలు దాన్ని తన్నుతుంది, ముందు కాలి వేళ్లు అంచును పట్టుకుంటాయి. హారన్ మోగాక కాలు దిమ్మ వదలడానికి మంచి స్ప్రింటర్‌కి 0.6 నుంచి 0.7 సెకను పడుతుంది. ఇక్కడ వందో వంతు పోగొట్టుకుంటే బుడాపెస్ట్‌లో రజతం పోయినంత పనే. దిగేటప్పుడు వేళ్లు నీళ్లలో ఎక్కడ గుచ్చుకున్నాయో తల, నడుము, మడమలు కూడా అక్కడినుంచే దిగాలి. పొట్ట నీళ్లకి తగిలి చప్పుడు చేసిందంటే సగం వేగం అక్కడే పోయింది.

నీళ్లలోకి దిగాక శరీరం ఎలా ఉండాలన్నది పిల్లలకు నేర్పే మొదటి పాఠం, పెద్దవాళ్లు చివరిదాకా సరిదిద్దుకునే పాఠం. వారాంతంలో మన జెర్సీ సిటీ హైట్స్‌లోని పెర్షింగ్ ఫీల్డ్ కొలనుకో, ఇంకే కొలనుకో వెళ్లి చూడండి. ఒక అరచేయి మీద ఇంకో అరచేయి, పైచేతి బొటనవేలు కింది చేతిని కొక్కెంలా పట్టి ఉంటుంది. మోచేతులు బిగుసుకుని, భుజాల కండలు చెవుల వెనక్కి వెళ్తాయి. గడ్డం లోపలికి, పక్కటెముకలు లోపలికి. అలా గోడను తన్ని, కాలు ఆడించకుండా ఎంత దూరం పోతారో చూస్తారు. చెవుల దగ్గర కాస్త సందు వదిలిన పిల్లవాడు మిగతావాళ్లకంటే గజం ముందే ఆగిపోతాడు. అతనికి బలం తక్కువేమీ కాదు. ఆ సందులో నీరు దూరి వెనక్కి లాగింది, అంతే. శిక్షకుడు అతని మోచేతుల్ని వేలితో ఇంకాస్త దగ్గరికి నొక్కుతాడు. మళ్లీ గోడ, మళ్లీ తన్ను. బయటినుంచి చూసేవాళ్లకి విసుగు పుడుతుంది. కొలనులో నాకు అన్నిటికంటే ఇష్టమైన దృశ్యం మాత్రం ఇదే.

ఆ తరవాత నీళ్ల అడుగున డాల్ఫిన్ తన్నులు. అలలు లేచేది నీటి పైభాగాన, అలను తోసుకుపోవడానికే అక్కడ శక్తి ఖర్చవుతుంది. కాస్త లోతుకు పోతే ఆ బెడద ఉండదు. అందుకే అడుగున ఉన్నంతసేపూ పైన ఈదినదానికంటే వేగం. రష్యాకు చెందిన డెనిస్ పంక్రతోవ్ 1996 అట్లాంటా ఒలింపిక్స్‌లో చాలా దూరం నీళ్ల కిందే పోయి బటర్‌ఫ్లై గెలిచాడు. తరవాత 1998లో నిబంధన వచ్చింది: 15 మీటర్ల లోపు తల పైకి తేలాల్సిందే. తన్ను మోకాలి దగ్గర మొదలైతే తప్పు. రొమ్ము దగ్గర పుట్టి, నడుము మీదుగా పాదాల దాకా సాగాలి. పైకి తేలే మొదటి బారలో ఊపిరి తీసుకోకూడదని శిక్షకులు నెత్తీనోరూ బాదుకుంటారు. తల ఎత్తితే తుంటి దిగుతుంది, తుంటి దిగితే ఒళ్లంతా నీళ్లకు అడ్డుగోడ అవుతుంది. 50 మీటర్లలో గట్టి స్ప్రింటర్లు ఒకటి రెండుసార్లు మాత్రమే ఊపిరి తీసుకుంటారు, కొందరు ఒక్కసారి కూడా తీసుకోరు.

బారకి రెండు తన్నులు. చేతులు ముందు నీళ్లలో దిగేటప్పుడు ఒకటి, తొడల పక్కనుంచి బయటికి వచ్చేటప్పుడు ఇంకొకటి. రెండోది బద్ధకిస్తే చేతులు నీళ్లలోంచి లేవవు.

అన్నిటికంటే కష్టమైంది ముగింపు. బటర్‌ఫ్లైలో రెండు చేతులూ ఒకేసారి గోడను తాకాలి. బార సరిగ్గా గోడ దగ్గర పూర్తయితే అదృష్టం. సగంలో ఉంటే? చాచి జారాలా, ఇంకో పొట్టి బార వేయాలా? ఊపిరి అయిపోయిన క్షణంలో ఈ నిర్ణయం. 2008 బీజింగ్ ఒలింపిక్స్‌లో 100 మీటర్ల బటర్‌ఫ్లై ఫైనల్లో మిలోరద్ చావిచ్ చేతులు చాచి జారాడు, మైకేల్ ఫెల్ప్స్ ఇంకో సగం బార వేశాడు. 50.58, 50.59. బంగారం ఫెల్ప్స్‌దైంది. సమయాన్ని వందో వంతు కంటే సన్నగా కూడా కొలవొచ్చు, కానీ కొలవరు. 1972 మ్యూనిక్ ఒలింపిక్స్‌లో స్వీడన్‌కు చెందిన గన్నర్ లార్సన్ సెకనులో వెయ్యింట రెండు వంతుల తేడాతో బంగారం గెలిచాడు. అంత సన్నటి తేడాకి సరిపోయేలా అన్ని లేన్లనీ ఒకే పొడవున కట్టడం సాధ్యం కాదని తరవాత వందో వంతు దగ్గరే ఆగారు. ఇప్పుడు అది కూడా సమానమైతే పతకం ఇద్దరికీ ఇస్తారు. ఆటల్లో ఇంత నిజాయితీగా తన కొలత హద్దును ఒప్పుకున్నవి తక్కువ.

ఫరీదా 1995లో అమెరికాలోని ఇండియానాపొలిస్‌లో పుట్టి కైరోలో పెరిగింది. పదహారో ఏట, 2011లో పెరూ రాజధాని లీమాలో జరిగిన ప్రపంచ జూనియర్ పోటీల్లో 50 మీటర్ల బటర్‌ఫ్లై గెలిచింది. మరుసటి ఏడాది లండన్ ఒలింపిక్స్. ఆ తరవాత చదువుకి కాలిఫోర్నియా బర్క్‌లీ చేరి, టెరీ మెకీవర్ దగ్గర శిక్షణ తీసుకుంది. ఈ దారి ఆమెకు ముందే ఒకరు వేసి ఉంచారు. ఈజిప్టుకే చెందిన రనియా ఎల్వానీ కూడా స్ప్రింటరే, అమెరికా విశ్వవిద్యాలయంలోనే ఈదింది. 1992 నుంచి వరసగా మూడు ఒలింపిక్స్‌లో దిగింది, తరవాత డాక్టరైంది, అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీలో సభ్యురాలు కూడా అయింది.

అమెరికా కాలేజీల కొలను 25 గజాలది, అంటే 22.86 మీటర్లు. అందులో ప్రతి గోడ దగ్గరినుంచీ 15 మీటర్ల దాకా నీళ్ల కింద పోవచ్చు. నూరు గజాల పోటీలో మూడు మలుపులుంటాయి కాబట్టి, కావాలనుకుంటే సగానికి పైగా దూరం అడుగునే దాటొచ్చు. అలాంటి కొలనులో నాలుగేళ్లు ఈదితే దూకడమూ తన్నూ మలుపూ పదునెక్కుతాయి. 2017 వసంతంలో 100 గజాల బటర్‌ఫ్లైని 50.05 సెకన్లలో ఈది ఫరీదా కాలేజీల జాతీయ ఛాంపియన్ అయింది. నాలుగు నెలలకే బుడాపెస్ట్. పెద్ద పోటీకి ముందు రెండు మూడు వారాలు స్విమ్మర్లు ఈత బాగా తగ్గించి ఒంటికి విశ్రాంతినిస్తారు. ఆ సమయంలో ఏమీ చేయకుండా ఉండడం కష్టపడేవాళ్లకి మహా కష్టం. మన తల్లిదండ్రులైతే బద్ధకమని తిడతారేమో. అది శిక్షణలో భాగమే.

2019లో దక్షిణ కొరియాలోని గ్వాంగ్‌జు ప్రపంచ పోటీల్లో 25.47తో ఫరీదా మళ్లీ మూడో స్థానంలోనే నిలిచింది, ముందున్నవాళ్లు కూడా ఆ ఇద్దరే, షోస్ట్రోమ్, క్రోమోవిజోయో. ఒకసారి గెలిస్తే కలిసొచ్చిందని అనుకోవచ్చు. రెండేళ్లకి మళ్లీ అదే మెట్టు మీద నిలబడాలంటే ప్రతి తన్నూ ప్రతి వేలూ మళ్లీ అక్కడే పడాలి.

ఇంత చేసినా ఒలింపిక్స్‌లో ఆమెకు తన పోటీ దొరకలేదు. ఒలింపిక్స్‌లో బటర్‌ఫ్లై అంటే 100, 200 మీటర్లే. లండన్, రియో, టోక్యో మూడింటిలోనూ ఆమె తనది కాని దూరంలోనో తనది కాని ఈతలోనో దిగాల్సి వచ్చింది. రియోలో 100 మీటర్ల బటర్‌ఫ్లై సెమీఫైనల్ దాకా వెళ్లింది. 2028 లాస్ ఏంజిలిస్ నుంచి 50 మీటర్ల బటర్‌ఫ్లై, బ్యాక్‌స్ట్రోక్, బ్రెస్ట్‌స్ట్రోక్ కూడా ఉంటాయని 2025లో ప్రకటించారు. ఈజిప్టుకి ఈతలో ఒలింపిక్ పతకం ఇప్పటిదాకా రాలేదు. ఆ నిర్ణయం పదేళ్లు ముందు జరిగి ఉంటే రియో ఫైనల్లో ఫరీదాకు ఒక లేన్ ఉండి తీరేదని నేను గట్టిగా నమ్ముతున్నాను. దానికి ఏడాది ముందే, 2015లో కజాన్ ప్రపంచ పోటీల్లో, ఆ దూరంలో ఆమె అయిదో స్థానంలో ఉంది.