చేతికింద నేర్చిన దర్శకత్వం

అనుభవజ్ఞుడి చేతికింద పని నేర్చుకోవడం ఎంత విలువైనదో ఖరగ్‌పూర్ తెలుగువారికి ఒకరు చెప్పనక్కర్లేదు. బెంగాల్ నాగపూర్ రైల్వే కాలం నుంచి ఉత్తరాంధ్ర కుటుంబాలకు కూడుపెట్టిన ఊరిది. ఇక్కడి వర్క్‌షాపులో ఫిట్టరైనా టర్నరైనా ముందు అప్రెంటిస్‌గా చెయ్యి తిప్పుకున్నాకే సొంత పని అందుకున్నాడు. తెలుగు సినిమాలో అసిస్టెంట్ డైరెక్టర్ వ్యవస్థ సరిగ్గా ఈ కోవలోదే. ఫోనులోనే సినిమా తీయగలిగిన ఈ రోజుల్లో ఆ వ్యవస్థకు కాలం చెల్లిందన్న మాట తరచూ వినిపిస్తోంది. ఆ మాట తప్పని చెప్పడానికి దర్శకుడు సింగీతం శ్రీనివాసరావు ప్రస్థానాన్ని మించిన సాక్ష్యం లేదు.

నెల్లూరు జిల్లా నుంచి వచ్చిన సింగీతం 1931లో పుట్టారు. దర్శకుడు కె.వి. రెడ్డి దగ్గర సహాయకుడిగా ‘మాయాబజార్’ (1957), ‘జగదేకవీరుని కథ’ (1961) వంటి చిత్రాలకు పనిచేశారు. సినిమాలో సీన్లు కథ నడిచే వరుసలో తీయరు. ఈ రోజు తీసిన షాటుకు ముందుది నెల తర్వాత తీయవచ్చు. నటుడి నగ ఏ వైపుంది, చూపు ఎటుంది, ఏ మాట దగ్గర లేచాడు అన్నవన్నీ రాసిపెట్టి కంటిన్యూటీ కాపాడేది అసిస్టెంటే. అంటే ముక్కలుగా తయారవుతున్న సినిమాను మొత్తంగా మనసులో చూడడం అతనికి రోజువారీ సాధన. దానికితోడు కె.వి. రెడ్డి స్క్రిప్టు పూర్తిగా ఖాయమయ్యేదాకా షూటింగుకు వెళ్లేవారు కాదు. సీను నిడివిని స్టాప్‌వాచ్‌తో ముందే లెక్కకట్టేవారు. ‘మాయాబజార్’లో ఘటోత్కచుడి నోట్లోకి లడ్డూలు వాటంతటవే వెళ్లడం కంప్యూటర్లు లేని రోజుల్లో సాధ్యమైందంటే, కెమెరా ముందుకు రాకముందే ఆ దృశ్యం కాగితం మీద తేలిపోయినందువల్లే.

ఇలా ఒకరి నీడలో ఏళ్లు గడిపితే సొంత గొంతు పోదా అన్నది మొదటి అభ్యంతరం. పోతుందనడానికి సింగీతం చిత్రాలు ఒప్పుకోవు. ‘మాయాబజార్’ పింగళి మాటల వైభవానికి పేరుపడ్డ చిత్రం. ఆ బడిలో చదివిన శిష్యుడే 1987లో ఒక్క సంభాషణ లేకుండా ‘పుష్పక విమానం’ తీసి జాతీయ పురస్కారం అందుకున్నారు. మాట లేనప్పుడు నవ్వు పుట్టడం పూర్తిగా కొలత మీద ఆధారపడుతుంది: ఎవరు ఎప్పుడు తలుపు తీయాలి, ఏ వస్తువు ప్రేక్షకుడి కంట ముందు పడాలి అన్నవి క్షణాల లెక్కతో తేలాలి. గురువు నేర్పిన క్రమశిక్షణ గురువు తొక్కని దారిలో పనికొచ్చింది. రాజాజీ కథ ఆధారంగా తమిళంలో తీసిన ‘దిక్కట్ర పార్వతి’ (1974), కన్నడంలో ‘హాలు జేను’ (1982), కమల్‌హాసన్ పొట్టివాడిగా కనిపించిన ‘అపూర్వ సహోదరర్గళ్’ (1989), కాలయంత్రం కథతో ‘ఆదిత్య 369’ (1991), జానపదం ‘భైరవద్వీపం’ (1994) ఒకే చేతి నుంచి వచ్చాయి. వీటి భాషలు వేరు, రుచులు వేరు. అన్నింటినీ కలిపేది ముందస్తు ప్రణాళిక ఒక్కటే. అనుకరణే నేర్చుకున్నవాడైతే జీవితమంతా పురాణాలూ జానపదాలే తీస్తూ ఉండేవాడు.

రెండో అభ్యంతరం బరువైనది. ఎందరో అసిస్టెంట్లు దర్శకులు కాకుండానే మిగిలిపోయారు, చాలీచాలని జీతంతో, తెర మీద పేరైనా లేకుండా శ్రమపడ్డారు. ఇది నిజం, దీన్ని సమర్థించలేం. అయితే ఆ తప్పు శిక్షణది కాదు, శ్రమకు వెల కట్టని నిర్మాణ పద్ధతిది. ప్రతిభ అందరికీ సమానంగా ఉండదన్నదీ ఒప్పుకోవలసిందే. గురువు ఊహను ఇవ్వలేడు. ఊహను తెర మీదికి చేర్చే దారి మాత్రం చూపగలడు. ‘మాయాబజార్’ నుంచి తొలి చిత్రం ‘నీతి నిజాయితీ’ (1972) దాకా గడిచిన పదిహేనేళ్లు వృథా కాలేదనడానికి ఆ తర్వాతి చిత్రాలే రుజువు. మధ్యలో 1970 నాటి కన్నడ ‘సంస్కార’కు పట్టాభిరామిరెడ్డి పక్కన నిలిచి, స్టూడియో హంగులు లేని వాస్తవిక సినిమానూ సింగీతం దగ్గరగా చూశారు.

డిజిటల్ కెమెరాతో ఎన్ని టేకులైనా తీయవచ్చుననడం నిజమే. కానీ నటుల సమయం, సిబ్బంది ఓపిక, నిర్మాత డబ్బు ఇప్పటికీ అపరిమితం కావు. అందుకే సినిమా మీద మోజున్న ఖరగ్‌పూర్ తెలుగు యువత కెమెరా కొనడానికి ముందు ఒక మంచి దర్శకుడి దగ్గర కంటిన్యూటీ పుస్తకం పట్టాలి. నిర్మాతలు ఆ శ్రమకు న్యాయమైన జీతమూ, తెర మీద పేరూ ఇవ్వాలి. ఈ రెండూ జరిగితే సింగీతం వంటి దర్శకుల కోసం అదృష్టం మీద ఆధారపడే అవసరం మనకు తగ్గుతుంది.