ఒకే జీవితం, రెండుసార్లు

నార్వేకు చెందిన రాబర్ట్, ట్రూడె స్టీన్ దంపతుల కొడుకు మాట్స్‌కు డుషెన్ మస్క్యులర్ డిస్ట్రఫీ. కండరాలను నిలబెట్టే డిస్ట్రోఫిన్ అనే ప్రొటీన్ తయారుకాక, ఒక్కో కండరమే చచ్చుబడే ఈ అరుదైన జబ్బు ఎక్కువగా మగపిల్లలకే వస్తుంది. మాట్స్ 2014లో, 25 ఏళ్లకే పోయాడు. ఇంట్లో తీసుకున్న వీడియోలను తల్లిదండ్రులు దర్శకుడు బెంజమిన్ రే చేతిలో పెట్టారు. అలా తయారైన డాక్యుమెంటరీ ‘ది రిమార్కబుల్ లైఫ్ ఆఫ్ ఇబెలిన్’. 2024లో సన్‌డాన్స్ చిత్రోత్సవంలో ప్రేక్షకుల అవార్డు, దర్శకత్వ అవార్డు అందుకుని, అక్టోబరులో నెట్‌ఫ్లిక్స్‌కు వచ్చింది.

కథ చెప్పిన వరుసలోనే ఉంది పనితనమంతా. మొదటి భాగం అమ్మానాన్నల కెమెరాది. తడబడే అడుగులు, చక్రాల కుర్చీ, ఆఖరికి కంప్యూటర్ ముందు కూర్చున్న కొడుకు వీపు. స్నేహం, ప్రేమ ఎరగకుండానే వెళ్లిపోయాడని వాళ్ల బెంగ. చావు కబురును తండ్రి కొడుకు బ్లాగులో పెడతాడు. అతని స్నేహితులమంటూ ఎవరెవరో ఈమెయిళ్లు రాయడం మొదలవుతుంది. అక్కడ రే టేపును వెనక్కి తిప్పి అదే జీవితాన్ని మళ్లీ మొదలెడతాడు, ఈసారి ‘వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్’ ఆటలోంచి. అందులో మాట్స్ పేరు ఇబెలిన్. పరిగెత్తగలడు.

దీనికి ముడిసరుకు, ఆటలో అతని బృందం ఆడిన మాటలు, చేసిన చేష్టలు నమోదైన 42,000 పేజీలు. ఆ మాటలకే నటులు గొంతునిచ్చారు, ఆ చేష్టలకే యానిమేషన్ కట్టారు. డెన్మార్క్‌లో ఒక తల్లి ఉంది. ఆటిజం ఉన్న కొడుకు ఆమెను దగ్గరికి రానివ్వడు. ఇద్దరూ కలిసి ఆడండి అంటాడు మాట్స్. ఆటలోని ఆ రెండు బొమ్మలూ ఒకదాన్నొకటి కౌగిలించుకుంటాయి. ఒంటి మీద చెయ్యి పడనివ్వని పిల్లాడు తల్లికి అందే దారి అది.

బీదర్‌లోని గాంధీ గంజ్‌లో ఉండేవాళ్లకు, లోహంలో వెండి పొదిగే బిద్రీ పని తెలిసిందే. పొదిగిన వెండి తీగ, బీదర్ కోట మట్టి పట్టించేదాకా, బూడిదరంగు లోహంలో కలిసిపోయి సరిగా ఆనదు. లోహం నల్లబడ్డాకే వెండి తేలుతుంది. ఈ చిత్రంలో మొదటి భాగం ఆ నలుపు. ఆ బెంగ మనకూ పట్టాకే రెండో భాగం విలువ తెలుస్తుంది.

మాట్స్‌ను దేవుణ్ని చేయకపోవడం ఇంకో మెచ్చదగ్గ సంగతి. జబ్బు సంగతి స్నేహితుల దగ్గర దాస్తాడు, నోరు జారుతాడు, నొప్పిస్తాడు. అవేవీ కత్తెర పాలు కాలేదు.

బిడ్డ జబ్బు గురించి కెమెరా ముందుకొచ్చే తల్లిదండ్రులు సాధారణంగా తమకు తెలిసింది చెబుతారు. స్టీన్ దంపతులు, కొడుకు గురించి తాము ఎంత పొరబడ్డారో కూడా లోకానికి చూపనిచ్చారు. వీడియోలు ఇవ్వడం కన్నా ఇదే కష్టం. సినిమాకు బలం వచ్చిందీ ఇందువల్లే.