ముందు ఉత్తర్వు, తర్వాతే సొమ్ము

కస్టమ్స్‌కు ఎక్కువ కట్టిన సొమ్ము వెనక్కి రాబట్టుకునేవాళ్లకు అర్జీలు రాసిపెట్టడం చాలాకాలంగా నా పని. గల్ఫ్ నుంచి వచ్చే జగిత్యాల, నిజామాబాద్ వాళ్లే ఎక్కువ. "నా పైసలు నాకిప్పియ్యి సారూ, గంతే" అంటారు. అంత తేలికైతే నాకు పనే ఉండదు.

శంషాబాద్‌లో గొలుసు పట్టుబడితే కట్టాల్సినవి మూడు. సుంకం సరే. జప్తయిన వస్తువును విడిపించుకోవడానికి 1962 నాటి కస్టమ్స్ చట్టం 125వ సెక్షన్ కింద జరిమానా, తప్పుకు 112 కింద పెనాల్టీ. ఈ రెండింటి వెనకా ఒక ఉత్తర్వు ఉంటుంది. అది నిలబడి ఉన్నంతకాలం సొమ్ము కదలదు. సుంకం సంగతీ అంతే: అసెస్‌మెంట్‌ను మార్పించుకోకుండా రిఫండ్ అడగడం కుదరదని 2019లో ఐటీసీ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అందుకే నేను ముందు రాసేది అప్పీలు. అందులో సొమ్ము ఊసు చివరి వాక్యంలోనే.

జరిమానాకు చట్టంలోనే హద్దుంది. సరుకు బజారు ధరలోంచి సుంకం తీసేయగా మిగిలినదాన్ని అది దాటకూడదు. కాగితాలు చేతికి రాగానే వేసేది ఈ లెక్కే. తర్వాత షోకాజ్ నోటీసు కోసం వెతుకుతాను. చాలాసార్లు నోటీసు ఉండదు, 'నాకు నోటీసు అక్కర్లేదు' అని ముందే అచ్చువేసిన కాగితం మీద సంతకం ఉంటుంది. అలాంటి సంతకాలు చెల్లవని ఢిల్లీ హైకోర్టు 2025లో చెప్పింది. రాత్రి విమానం దిగి, బయట ఇంటివాళ్లు బండి మాట్లాడుకుని ఎదురుచూస్తుంటే ఆ కాగితం చదివేదెవరు?

అప్పీలుకు గడువు 60 రోజులు. తగిన కారణం చూపితే మరో 30. నా దగ్గరికి వచ్చేది మాత్రం చెల్లెలి పెళ్లయ్యాక, స్లాబు పడ్డాక, సెలవు ముగిసే వారంలో. అప్పీలు పోతే బ్యాగేజీ కేసుల్లో తర్వాతి మెట్టు కేంద్ర ప్రభుత్వానికి రివిజన్. హైదరాబాద్‌లో ట్రిబ్యునల్ బెంచి ఉంది కదా అని అటు పరిగెడితే నెలలు పోతాయి.

సుంకం రిఫండ్‌కు మామూలుగా ఏడాది గడువు. కట్టేటప్పుడే 'అభ్యంతరంతో చెల్లిస్తున్నాను' అని రాసిచ్చినవాడికి ఆ గడువు వర్తించదు. ఖర్చులేని ఈ ఒక్క పంక్తి రాసినవాళ్లు నాకు తగిలింది అరుదు. వ్యాపారులకైతే ఇంకో చిక్కు: సుంకం భారం కొనేవాళ్ల మీద వేయలేదని నిరూపించుకోకపోతే రిఫండ్ మంజూరైనా వినియోగదారుల సంక్షేమ నిధికి పోతుంది. సొంత వాడకానికి తెచ్చుకున్నవాళ్లకు ఆ బెడద లేదు. వంద రూపాయల లోపైతే అసలు ఇవ్వనే ఇవ్వరు. అది పోనీ.

నాకు మింగుడుపడనిది వడ్డీ. సుంకం కట్టడంలో మనం ఆలస్యం చేస్తే ఏటా 15 శాతం. సర్కారు తిరిగివ్వడంలో ఆలస్యం చేస్తే, అదీ అర్జీ అందాక మూడు నెలలు గడిచాకే, 6 శాతం. ఆ ఆరు కూడా అడగనిదే వచ్చిన గుర్తు నాకు లేదు. అసలు ఖాతాలో పడగానే మనవాళ్లు "ఇగ చాలు సారూ" అని లేవబోతారు. కూర్చోబెట్టి వడ్డీ లేఖ మీద కూడా సంతకం పెట్టించుకునే పంపిస్తాను.